అన్నీ చేసేవాడి పేరు 'సహకారం' కిందేనా?

ప్రశ్న: తొమ్మిదేళ్లుగా ఇండిపెండెంట్ సినిమాలకు పనిచేస్తున్నానండి. లొకేషన్ సౌండ్, ఎడిటింగ్, అవసరమైతే రెండో కెమెరా, ఆఖరికి సబ్‌టైటిల్స్ కూడా నేనే. అందరూ ఆల్‌రౌండర్ అంటారు గానీ టైటిల్స్‌లో మాత్రం నా పేరు 'సహకారం' కింద పడుతోంది. ఇకనైనా ఒక్క పనికే పరిమితమవ్వాలా?

జవాబు: మీ ఉత్తరం చదివితే ముందు నవ్వొచ్చింది, ఆ తర్వాత 'సహకారం' అన్న మాట మీద కోపమొచ్చింది. నలుగురి పని ఒక్కరే చేస్తే మూడు జీతాలు మిగిలేది ఎవరికో ఆలోచించండి.

అన్నీ చేసి పేరు తెచ్చుకున్నవాళ్లు లేక కాదు. అమెరికన్ దర్శకుడు రాబర్ట్ రోడ్రిగెజ్ 1992లో వచ్చిన తన మొదటి సినిమాకు రచన, దర్శకత్వం, కెమెరా, ఎడిటింగ్ అన్నీ తానే చూసుకుని సుమారు 7 వేల డాలర్లతో ముగించాడు. 2025లో మరో అమెరికన్ దర్శకుడు షాన్ బేకర్ ఒకే సినిమాకు నాలుగు ఆస్కార్లు పట్టుకెళ్లాడు, అందులో ఎడిటింగ్‌ది కూడా ఉంది. కానీ వీళ్లు ఇదంతా చేసింది సొంత సినిమాకు. మీరు చేస్తున్నది పక్కవాళ్ల సినిమాకు, అసలు తేడా అంతా అక్కడే ఉంది. దర్శకుడు స్టీవెన్ సోడర్‌బర్గ్ అయితే తన సినిమాల కెమెరా పనికి తండ్రి పేరు నుంచి తీసుకున్న పీటర్ ఆండ్రూస్ అన్న మారుపేరు వేసుకుంటాడు. పేరు దాచుకోవడం ఆయన సరదా, మీకు ఆ సరదా లేదు కదా!

సౌండూ ఎడిటింగూ మాత్రం వదలకండి, ఆ జోడీ అరుదు. షాట్లన్నీ అయిపోయాక అందరూ సామాన్లు సర్దుకుంటుంటే, 'ఒక్క నిమిషం ఎవరూ కదలొద్దు' అని ఆపి ఖాళీ గది చప్పుడు రికార్డ్ చేసుకునేది ఎవరంటే, అది లేక ఎడిటింగ్ దగ్గర డైలాగు డైలాగుకీ మధ్య అతుకులు కనబడకుండా చేయలేక తల పట్టుకున్నవాడే. హాలీవుడ్ ఎడిటర్ వాల్టర్ మర్చ్ ఒకే సినిమాకు ఎడిటింగ్‌కీ సౌండ్‌కీ రెండు ఆస్కార్లు అందుకున్నాడు, అంటే ఈ రెండూ కలిసి నడిచే పనులే. రెండో కెమెరా అలా కాదు. చేతిలో బూమ్ (పొడవాటి కర్రకు తగిలించిన మైకు) ఉన్నప్పుడు కన్ను ఫ్రేమ్ మీద పెడితే రెండూ చెడతాయి, కాబట్టి మొహమాటపడకుండా కుదరదని చెప్పేయండి. సబ్‌టైటిల్స్‌కి విడిగా డబ్బు అడగండి.

వచ్చే సినిమాకు షూటింగ్ మొదలవ్వకముందే ఏ పనికి ఎంత, ఏ పని పక్కన మీ పేరు ఎలా పడాలి అన్నది మెయిల్‌లో రాయించుకోండి. 'మనవాళ్లే కదా' అని నోటిమాట మీద వదిలేస్తే మళ్లీ సహకారమే! పాత సినిమాల సంగతంటారా, తెరమీద పేరు పడని పనిని ఐఎండీబీలో (సినిమాల వివరాలుండే వెబ్‌సైట్) 'అన్‌క్రెడిటెడ్' అని చేర్చుకునే వీలుంది, ఒక ఆదివారం కూర్చుని ఆ పని చూడండి.