ర్యుయిచి సకమోటో అసలు నటుడా, సంగీత దర్శకుడా?

సంగీత దర్శకుడే. నటించింది చాలా తక్కువ. తమాషా ఏమిటంటే, సినిమా సంగీతంలోకి ఆయన్ని తెచ్చింది మాత్రం నటనే.

టోక్యోలో 1952లో పుట్టాడు. 1978లో హరుఓమి హొసోనో, యుకిహిరో తకహాషిలతో 'ఎల్లో మ్యాజిక్ ఆర్కెస్ట్రా' అనే బ్యాండ్‌లో చేరి, సింథసైజర్ సంగీతంతో జపాన్‌లో స్టార్ అయ్యాడు. దర్శకుడు నగీసా ఓషిమా 'మెర్రీ క్రిస్మస్ మిస్టర్ లారెన్స్' (1983)లో వేషం వేయమని అడిగితే, సంగీతం కూడా నాకే ఇస్తే చేస్తానన్నాడు. సినిమా సంగీతంలో పెద్దగా అనుభవం లేకుండానే ఈ షరతు! బ్రిటిష్ రాక్ గాయకుడు డేవిడ్ బోయీ ఎదుట యుద్ధఖైదీల క్యాంపు అధికారి యోనోయిగా కాస్త బిగుసుకుపోయినట్టే కనిపిస్తాడు గానీ, ఆ థీమ్ మ్యూజిక్ మాత్రం అద్భుతం. దానికి బ్రిటన్ సినిమా పురస్కారమైన బాఫ్టా అవార్డు వచ్చింది.

ఇటలీ దర్శకుడు బెర్టొలూచి తీసిన 'ది లాస్ట్ ఎంపరర్' (1987)లోనూ ముందు నటుడిగానే తీసుకున్నారు, జపాన్ అధికారి అమకాసు పాత్రకి. సంగీతం పని తర్వాత వచ్చింది. డేవిడ్ బర్న్, కాంగ్ సూలతో కలిసి ఆస్కార్ అందుకున్నాడు.

ఆ తర్వాత దాదాపు అంతా సంగీతమే. 2014లో గొంతు క్యాన్సర్ బయటపడ్డాక కూడా 'ది రెవెనెంట్' (2015)కి పనిచేశాడు. 2023 మార్చిలో, 71 ఏళ్ల వయసులో చనిపోయాడు.