టెస్ సినిమాలో పొలాలు డోర్సెట్‌లో దొరకవండి

ఇంగ్లండ్ దక్షిణాన ఉన్న డోర్సెట్ వెళ్తున్నాం, 1979 టెస్ సినిమాలో ఆ పొలాలు, పాల ఫామ్ ఎక్కడున్నాయి అని అడిగారు కదా, అక్కడ ఎంత తిరిగినా కనపడవండి, ఎందుకంటే ఆ సినిమాకి మూలమైన ఇంగ్లిష్ రచయిత థామస్ హార్డీ నవల డోర్సెట్‌దే గానీ సినిమా తీసింది ఫ్రాన్స్‌లో, ఎక్కువ నార్మండీ, బ్రిటనీ వైపు. డైరెక్టర్ పోలాన్‌స్కీ అమెరికాలో కేసు నుంచి పారిపోయినవాడు, ఇంగ్లండ్‌లో అడుగుపెడితే అమెరికాకి పట్టిస్తారని భయం, అందుకే చివర్లో వచ్చే స్టోన్‌హెంజ్ రాళ్ళ కట్టడం కూడా ఫ్రాన్స్‌లో వేసిన సెట్టే.

ట్రిప్ మాత్రం క్యాన్సిల్ చేసుకోకండి ప్లీజ్! 1967 ఫార్ ఫ్రమ్ ద మాడింగ్ క్రౌడ్ చూసి వెళ్ళండి, అదీ హార్డీ నవలే, నిజంగా డోర్సెట్, విల్ట్‌షైర్‌లలో తీశారు. అందులో ట్రాయ్ అనే సైనికుడు కత్తి తిప్పే సీన్ డోర్‌చెస్టర్ పక్కనున్న మెయిడెన్ కాజిల్‌లోదే, కోట అన్నారని గోడల కోసం చూడకండి, గడ్డి కప్పేసిన ఎత్తైన మట్టి కట్టలు, పైకెక్కి తిరగొచ్చు, టికెట్ కూడా లేదు, నాకైతే సినిమాలో కంటే బయటే ఎక్కువ నచ్చింది. అదే కథ 2015 వెర్షన్‌లో హీరోయిన్ ఇల్లుగా చూపించింది డోర్సెట్‌లోని మ్యాపర్టన్ అనే పాత బంగళా.

టెస్ కోసమే అయితే మార్న్‌హల్ ఊరు చూడండి, నవల్లో టెస్ సొంతూరు మార్లాట్ అదే. నవల్లో పాల ఫామ్ ఉన్న లోయ ఫ్రూమ్ నది పక్కది. కారు లేకపోతే లండన్ వాటర్లూ నుంచి డోర్‌చెస్టర్‌కి డైరెక్ట్ ట్రైన్ ఉంది.