అగుల్లా ఏ వర్గానికి చెందిన కీటకం?

ఉత్తర అమెరికా పశ్చిమ ప్రాంతంలో కనిపించే అగుల్లా ఒక స్నేక్‌ఫ్లై (పాములా తల పైకెత్తే కీటకం) ప్రజాతి. పేరులో ఫ్లై ఉన్నా ఇది ఈగ కాదు. 1914లో కీటక శాస్త్రవేత్త నవాస్ పేరు పెట్టిన ఈ ప్రజాతి రాఫిడియోప్టెరా క్రమంలోని రాఫిడియిడే కుటుంబానికి చెందుతుంది. ఈ క్రమంలో నేడు మిగిలినవి రెండే కుటుంబాలు. రెండోదైన ఇనోసెల్లియిడే కీటకాలకు తలపై మూడు చిన్న సరళ నేత్రాలు ఉండవు, రాఫిడియిడే కీటకాలకు ఉంటాయి కనుక, భూతద్దంతో తలను పరిశీలిస్తే కుటుంబం తేలిపోతుంది.

పొడవాటి మెడలా కనిపించేది నిజానికి వక్షంలోని మొదటి ఖండం. దాన్ని పైకెత్తి, తలను ముందుకు విసిరి, పేనుబంక వంటి మెత్తటి పురుగులను ఇది పట్టుకుంటుంది. బెరడు కింద పెరిగే లార్వాలూ వేటాడే బతుకుతాయి. ఆడ కీటకానికి వెనుక ఉండే పొడవాటి అవయవాన్ని చాలామంది కొండి అనుకుంటారు గానీ, అది గుడ్లు పెట్టడానికే, కుట్టదు.