నొప్పి తగ్గిందని మెథోట్రెక్సేట్ ఆపకండి

అమ్మగారికి రుమటాయిడ్ ఆర్థరైటిస్ (శరీర రక్షణ వ్యవస్థే కీళ్లపై దాడి చేసే జబ్బు) నొప్పులు తగ్గాయి, ఆ జబ్బును అదుపులో పెట్టే మెథోట్రెక్సేట్ మాత్ర ఆపేయవచ్చా అని అడిగారు కదండీ. దయచేసి సొంతంగా ఆపకండి. నొప్పి లేకపోయినా కీళ్ల లోపల వాపు ఉండవచ్చు. అది ఎముకను తినేసి వేళ్లు వంకరపోతే, మందులతో మళ్లీ సరికావు. పైగా ఈ జబ్బు కీళ్లతోనే ఆగదు. ఊపిరితిత్తులు గట్టిపడొచ్చు, గుండెపోటు ముప్పు పెరుగుతుంది, కళ్లు పొడిబారొచ్చు. పొడి దగ్గు, ఆయాసం తగ్గకపోతే వయసు వల్లే అనుకోకుండా వెంటనే చూపించండి. ముఖ్యంగా ఈ మాత్ర వారానికి ఒక్కసారే. పొరపాటున రోజూ వేసుకుంటే ప్రాణానికే ముప్పు. లివర్, రక్తకణాల పరీక్షలు మానకండి. టెన్షన్ పడొద్దు, తొందరగా మందులు మొదలుపెట్టి వాపును అదుపులో పెట్టుకున్న చాలామంది తమ పనులు తామే చేసుకుంటున్నారు. కొన్ని నెలలు జబ్బు పూర్తిగా అణిగి ఉంటే, డోసు తగ్గించాలా అన్నది రుమటాలజిస్టే (ఇలాంటి కీళ్ల జబ్బుల డాక్టరే) చూస్తారు.