పాటల గది: మీ ప్రశ్నలు, మా జవాబులు

ప్రశ్న: ముగ్గురం కలిసి 126 బీపీఎంలో (నిమిషానికి 126 బీట్ల వేగంలో) ఒక తెలుగు ర్యాప్ డ్యాన్స్ సింగిల్ చేశాం. హెడ్‌ఫోన్లలో విన్నవాళ్లంతా మెచ్చుకున్నారు. ఇందిరానగర్‌లో ఒక పబ్‌లో డీజే వేస్తే మాత్రం ఎవరూ కదల్లేదు, మాటలూ అర్థం కాలేదన్నారు. లోపం ఎక్కడుంది?
– ఒక పాఠకుడు, మారతహళ్లి, బెంగళూరు

జవాబు: మీరు పంపిన ఫైల్ విన్నాం. బీటు చక్కగా ఉంది, దాన్ని మార్చొద్దు. మార్చాల్సింది ర్యాప్ నడక. ఈ వేగంలో బీటుకు నాలుగక్షరాలు వేస్తే సెకనుకు ఎనిమిదికి పైగా పడతాయి. ఒత్తులూ దీర్ఘాలూ ఉన్న మన మాట పబ్ మోతలో అంత వేగంగా వెళ్తే చెవికి అందదు.

1982లో న్యూయార్క్ హిప్‌హాప్ కళాకారుడు ఆఫ్రికా బంబాటా, అతని బృందం సోల్‌సోనిక్ ఫోర్స్ చేసిన ‘ప్లానెట్ రాక్’కూ ఇదే చిక్కు ఎదురైంది. దాదాపు 127 బీపీఎం అంటే అప్పటి ర్యాపర్లకు అలవాటు లేని వేగం. బీటును అలాగే ఉంచి, మాటను సగం వేగానికి దింపారు. ఆ రికార్డు బిల్‌బోర్డ్ హాట్ 100లో 48 దగ్గరే ఆగినా, ఆర్ అండ్ బి పట్టికలో 4వ స్థానానికి వెళ్లింది. ఎలక్ట్రో అనే, యంత్రాల బీట్లతో నడిచే సంగీత శైలికి అది దారి వేసింది.

మీరూ మాత్రలు లెక్కపెట్టి రాయండి. లఘువుకు ఒకటి, గురువుకు రెండు. ‘అడుగెయ్ అడుగెయ్ నేలదిరేలా’ చూడండి: నాలుగు, నాలుగు, ఎనిమిది, మొత్తం 16 మాత్రలు. దీన్ని ఒక బార్‌లో (నాలుగు బీట్ల చుట్టులో) ఇరికించకుండా రెండు బార్లకు పరిస్తే ప్రతి మాటా తేటగా వినిపిస్తుంది. రెండు ‘అ’లూ, ‘నే’, ‘రే’ కచ్చితంగా కిక్ (పెద్ద డ్రమ్ము దెబ్బ) మీదే పడతాయి. కాలు కదిలేది ఆ ఊనికకే.

కదలకపోవడానికి ఇంకో కారణం బేస్. మీ 808ను, అంటే డ్రమ్ మెషీన్ తరహా లోతైన బేస్‌ను, స్టీరియోలో (ఎడమ, కుడి వేరుగా) వెడల్పు చేశారు. చాలా పబ్బుల్లో సబ్‌వూఫర్లకు (బేస్ వినిపించే పెద్ద స్పీకర్లకు) మోనో సిగ్నలే, అంటే ఎడమా కుడీ కలిపిన ఒకే సిగ్నల్, వెళ్తుంది. ఎడమా కుడీ ఎదురు ఫేజులో ఉంటే, అంటే ఒక అల పైకి లేచేటప్పుడు ఇంకోటి కిందికి దిగితే, అక్కడ ఒకదాన్నొకటి చంపుకుంటాయి. హెడ్‌ఫోన్లలో ఆ సంగతి బయటపడదు. 120 హెర్ట్జ్ కిందిదంతా మోనో చేయండి. కిక్ పడినప్పుడల్లా బేస్ 4 నుంచి 6 డెసిబెల్స్ తగ్గేలా సైడ్‌చెయిన్ (ఒక శబ్దం వచ్చినప్పుడు ఇంకోదాన్ని తగ్గించే అమరిక) పెట్టండి. రిలీజ్‌ను, అంటే తగ్గిన బేస్ తిరిగి మామూలు స్థాయికి వచ్చే సమయాన్ని, 120 మిల్లీసెకన్ల దగ్గర మొదలుపెట్టి చెవితో సరిచూసుకోండి. బీటుకూ బీటుకూ మధ్య ఉన్నది 476 మిల్లీసెకన్లే, రిలీజ్ మరీ సాగితే బేస్ తేరుకునేలోపే తర్వాతి కిక్ వచ్చిపడుతుంది. గొంతు ట్రాకులో 90 హెర్ట్జ్ కింద ఉన్నది కోసేయండి.

ప్రశ్న: మా సింగిల్‌ను స్పాటిఫైలో సగం నిమిషం కూడా వినకుండా వదిలేస్తున్నారు. మాస్టర్‌ను (విడుదలకు సిద్ధం చేసిన తుది రికార్డింగ్‌ను) ఇంకా బిగ్గరగా చేయించాలా?
– ఒక పాఠకురాలు, వైట్‌ఫీల్డ్

జవాబు: వద్దు. మామూలు సెట్టింగులో స్పాటిఫై పాటలన్నింటినీ మైనస్ 14 ఎల్‌యూఎఫ్‌ఎస్ (చెవికి తోచే బిగ్గరతనపు కొలత) దగ్గరికి తెస్తుంది. మీరెంత బిగ్గరగా చేస్తే అంత తగ్గిస్తుంది, నలిగిన డ్రమ్సే మిగులుతాయి. మీ పాటలో గొంతు 16 బార్ల తర్వాత వస్తోంది, అంటే 126 బీపీఎంలో 30 సెకన్లు. అక్కడ ఒక స్ట్రీమ్‌గా లెక్కలోకి రావాలన్నా 30 సెకన్లు వినాలి! డీజేకు ఆ 16 బార్లు కావాలి, ముందు పాటతో కలుపుకోవడానికి. ఇంట్లో వినేవారికి అక్కర్లేదు. రెండు వెర్షన్లు చేయండి: నాలుగు బార్లలోపు హుక్ (మనసుకు పట్టుకునే ముక్క) వచ్చేది ఒకటి, ముందూ వెనకా 16 బార్ల ఉత్త డ్రమ్స్ ఉన్నది ఇంకోటి. రెండోదాన్ని డీజేలకు 24 బిట్ వేవ్ ఫైల్‌గా, బీపీఎం పేరులోనే రాసి పంపండి.

ప్రశ్న: పాత సినిమా పాట పల్లవిని కీబోర్డు మీద మళ్లీ వాయించి వాడుకుంటే అనుమతి అక్కర్లేదా?

జవాబు: కావాలి. మళ్లీ వాయిస్తే తప్పేది రికార్డింగ్ హక్కు మాత్రమే, బాణీ హక్కు అలాగే ఉంటుంది. ‘ప్లానెట్ రాక్’లో జర్మన్ బృందం క్రాఫ్ట్‌వెర్క్ బాణీని సింథ్ మీద తిరిగి వాయించినా, చివరికి వారితో ఒప్పందం చేసుకోక తప్పలేదు. హక్కుదారు ఎవరో కనుక్కుని, విడుదలకు ముందే కాగితం మీద రాయించుకోండి.