బస్సు డ్రైవరు జీవితం రాయబోతున్న తమ్ముడికి

తమ్ముడూ,

బీటిల్స్ పాటల బృందంలో గిటారు వాయించిన జార్జ్ హ్యారిసన్ తండ్రి మీద పుస్తకం రాస్తున్నానంటూ నువ్వు పంపిన చిత్తు చదివాను. మంచి విషయం ఎంచుకున్నావు. బీటిల్స్ మీద పుస్తకాలు అల్మారాల కొద్దీ ఉన్నాయి. లివర్‌పూల్ కార్పొరేషన్ బస్సు నడిపిన హెరాల్డ్ హ్యారిసన్ మాత్రం వాటిలో రెండు మూడు పేజీలకే సరిపెట్టుకోవాల్సి వచ్చింది. చిక్కేమిటంటే, నీ చిత్తులోనూ ఆయన కొడుకు వెనకాలే నిలబడి ఉన్నాడు. ‘ఈ చిన్న ఇంట్లోంచే ప్రపంచాన్ని ఊపేసే గిటారు పుట్టబోతోందని అప్పటికి ఎవరికీ తెలియదు’ అని మొదటి పేజీలోనే రాశావు. ఆ వాక్యం కొట్టెయ్. 1930లో పెళ్లి చేసుకున్న ఓడ ఉద్యోగికి 1963లో బీటిల్స్‌కి రాబోయే పేరు గురించి తెలియదు. ఆయన కథ చెప్పే నీకూ తెలియనట్టే రాయాలి. ఏ పేజీలో ఏ సంవత్సరం నడుస్తుంటే, ఆ సంవత్సరానికి ఆ ఇంట్లోవాళ్లకు తెలిసినంతే పాఠకుడికీ తెలియాలి.

ముందు తేదీల వరస ఒక కాగితం మీద పెట్టుకో. 1909లో పుట్టాడు. 14 ఏళ్లకు బడి మానేశాడు. టీనేజిలోనే వైట్ స్టార్ లైన్ కంపెనీ ఓడల్లో స్టీవార్డుగా, అంటే ప్రయాణికుల అవసరాలు చూసే పనివాడిగా చేరాడు. 1930లో లూయీజ్ ఫ్రెంచ్‌తో పెళ్లి. 1931లో కూతురు, 1934లో పెద్దకొడుకు. పెళ్లాం పిల్లలకు దూరంగా ఉండలేక 1936లో ఓడ ఉద్యోగం వదిలేశాడు. 15 నెలలు పని దొరకలేదు. 1937లో బస్సు కండక్టరు, 1938లో డ్రైవరు. 1940లో రెండో కొడుకు, 1943లో జార్జ్. నీ చిత్తు ఆ 15 నెలల్ని ‘కొంతకాలం కష్టాలు పడ్డారు’ అని ఒక్క ముక్కలో దాటేసింది. నా లెక్కన పుస్తకానికి గుండెకాయ అదే.

ఎందుకంటే అక్కడ మన చేతికి అంకెలు దొరుకుతాయి. నలుగురున్న ఆ కుటుంబానికి నిరుద్యోగ భృతి వారానికి 23 షిల్లింగులు. ఇంటద్దె 10 షిల్లింగులు. మిగిలిన 13 షిల్లింగుల్లోనే తిండి, బొగ్గు, పిల్లల బట్టలు. ఇక్కడ చాలామంది కొత్త రచయితలు షిల్లింగుని నేటి రూపాయల్లోకి మార్చి బ్రాకెట్లో వేస్తారు. ఆ పని చెయ్యకు. మధ్యలో దాదాపు తొంభై ఏళ్ల ధరల పెరుగుదల, మారకం రేటు అడ్డుపడి, వచ్చిన అంకెకి అర్థమే లేకుండా పోతుంది. దానికి బదులు వాటా చెప్పు. వచ్చిన దాంట్లో 100కి 43 వంతులు అద్దెకే పోయింది. షిల్లింగుకి 12 పెన్నీలు. 13 షిల్లింగులంటే 156 పెన్నీలు, రోజుకు 22 పెన్నీల పైచిలుకు, తలకు ఐదున్నర. ఆ లెక్క చూపించాక ‘పేదరికం’ అన్న మాట రాయాల్సిన పనే ఉండదు.

ఆ రోజుల్లోనే ఆయన తన గిటారు అమ్ముకున్నాడు. ఓడలో పనిచేస్తున్నప్పుడు కొనుక్కున్నది. నీ చిత్తులో దాని మీద పేజీన్నర కవిత్వం ఉంది: ఆగిపోయిన పాట, కొడుకులో మళ్లీ మొలకెత్తిన విత్తనం. అమ్మాడన్నది వాస్తవం. ఏం అనుకుంటూ అమ్మాడో కాగితం మీద ఎక్కడా లేదు. పని లేని ఇంట్లో అమ్ముడుపోయే వస్తువు ఏది కనిపిస్తే అది అమ్ముతారు. అది రెండు వాక్యాల్లో చెప్పి ముందుకు నడు.

ఇప్పుడు ఇల్లు. లివర్‌పూల్‌లోని వేవర్‌ట్రీ పేటలో 12 ఆర్నాల్డ్ గ్రోవ్. వరస ఇళ్లలో ఒకటి. కింద రెండు గదులు, పైన రెండు, ఒక్కోటి సుమారు పదడుగుల చదరం. ముందు గదిలో లినోలియం పరిచి, మంచి సోఫా సెట్టు వేసి ఉంచారు కానీ అందులో ఎవరూ కూర్చునేవాళ్లు కాదు. దీన్ని నువ్వు ‘దిగువ తరగతి డాబు’ అన్నావు. ఆ గది చలికి గడ్డకట్టేది. వెచ్చదనమంతా వెనక వంటగదిలోని ఇనప పొయ్యి దగ్గరే. రెండో గదిలోనూ నిప్పు రాజేయాలంటే రెండింతలు బొగ్గు కావాలి. అందుకే జనం అంతా వంటగదిలోనే. డాబు కొంత ఉంటే ఉండొచ్చు, కానీ ముందు బొగ్గు లెక్క చెప్పు.

పెరట్లో చివర మరుగుదొడ్డి. గోడకు తగిలించిన జింకు తొట్టి. స్నానం రోజున దాన్ని లోపలికి తెచ్చి, గిన్నెల్లో, కెటిల్లో కాచిన నీళ్లు పోసి, పని అయ్యాక మళ్లీ మోసుకెళ్లి పారబోయాలి. 1943 తర్వాత ఆ ఇంట్లో ఆరుగురు. ఎవరు కాచారు, ఎవరు మోశారు అన్నది ఆలోచిస్తే లూయీజ్ దానంతటదే నీ పేజీలోకి వస్తుంది. ఇప్పుడున్న చిత్తులో ఆవిడ ‘పాటలంటే ఇష్టపడే తల్లి’ మాత్రమే.

పెరట్లో కోళ్లు కూడా ఉండేవి. అది పల్లె సరదా అనుకోకు. 1940 జనవరిలో మొదలైన రేషన్ 1954 జులై దాకా సాగింది. ఇంట్లో కోళ్లు పెంచుకునేవాళ్లు తమ గుడ్ల కోటా వదులుకుంటే, దానికి బదులు దాణా ఇచ్చే ఏర్పాటు యుద్ధకాలంలో ఉండేది. జార్జ్ 11 ఏళ్ల వయసు దాకా రేషన్ పుస్తకం మధ్యే పెరిగాడు. అంటే ఆ ఇంటి వంట అంతా కూపన్ల మీద నడిచిందన్నమాట. ఇంత పెద్ద విషయం నీ చిత్తులో లేదు.

ఉద్యోగం సంగతికొద్దాం. ‘బస్సు నడిపేవాడు’ అని రాసి ఊరుకుంటే చాలదు. ఆ కాలపు బ్రిటిష్ బస్సులో కండక్టరు డ్యూటీ ఎక్కేముందు డిపోలో టికెట్లు తీసుకునేవాడు. ఒక్కో ఛార్జీకి ఒక్కో రంగు కట్ట. ప్రతి కట్ట మీది మొదటి నెంబరు వేబిల్లులో, అంటే టికెట్ల లెక్క కాగితంలో రాసుకోవాలి, ట్రిప్పు చివర మళ్లీ రాయాలి. కదిలే బస్సులో మన ఆర్టీసీ కండక్టరు ఎస్సార్ (టికెట్ల లెక్క కాగితం) నింపడం చూసినవాళ్లకు ఇది వెంటనే అర్థమవుతుంది. డ్యూటీ దిగాక చిల్లరంతా లెక్కపెట్టి కట్టాలి. టికెట్ల నెంబర్ల ప్రకారం రావాల్సిన దానికంటే తగ్గితే తేడా తన జేబులోంచే. 13 షిల్లింగుల్లో వారం గడిపి వచ్చిన మనిషికి ఆ పెన్నీల లెక్క ఎంత బరువో పాఠకుడికి తెలుస్తుంది, నువ్వు వివరించనక్కర్లేదు.

1938లో డ్రైవరయ్యాక పని స్వభావమే మారిపోయింది. అప్పటి డబుల్ డెక్కర్లలో డ్రైవరుది ఇంజను పక్కన విడిగా ఉన్న చిన్న క్యాబిన్. ప్రయాణికులతో మాటలుండవు. కండక్టరు మాట కూడా గంట రూపంలోనే వినిపిస్తుంది: ఒకటి కొడితే ఆపు, రెండు కొడితే కదులు, మూడు కొడితే బండి నిండింది, స్టాపులో ఆగకు. స్టీరింగు తిప్పడానికి మోచేతుల బలమే ఆధారం. యుద్ధం వచ్చాక హెడ్‌లైట్లకు ముసుగులు వేశారు, వీధి దీపాలు ఆర్పేశారు, దారి తెలియడానికి కాలిబాట అంచులకు తెల్లరంగు పూశారు. 1941 మే మొదటివారంలో లివర్‌పూల్ మీద రాత్రి తర్వాత రాత్రి బాంబులు పడ్డాయి. తెల్లవారాక రేవుకీ ఫ్యాక్టరీలకీ జనాన్ని చేర్చాల్సింది ఈ బస్సులే.

ఇంకొకటి: డ్యూటీ వేళలు. కార్మికుల కంటే ముందు బస్సు రోడ్డెక్కాలి కాబట్టి ఉదయం డ్యూటీ చీకటితోనే మొదలవుతుంది. రాత్రి డ్యూటీ ముగిసేసరికి ఇల్లు నిద్రపోయి ఉంటుంది. స్ప్లిట్ డ్యూటీ అయితే పొద్దున రద్దీకి కొంతసేపు, సాయంత్రం రద్దీకి కొంతసేపు, మధ్యలో ఖాళీ. పగలు నిద్రపోవాల్సిన మనిషి, నలుగురు పిల్లలు, నాలుగు గదులు. అయితే ఫలానా రోజు హెరాల్డ్ ఏ డ్యూటీలో ఉన్నాడో నువ్వు కల్పించకు. రోస్టరు దొరికితే రాయి. లేకపోతే ‘బస్సు ఉద్యోగుల వేళలు ఇలా ఉండేవి’ అని చెప్పి ఊరుకో.

ఆ క్యాబిన్‌లో ఒంటరిగా ఎనిమిది గంటలు గడిపే మనిషే సాయంత్రాలు యూనియన్ పనులు చూసేవాడు, బస్సు ఉద్యోగుల క్లబ్బులో వేదిక మీద కార్యక్రమాలు నడిపించేవాడు, భార్యతో కలిసి బాల్‌రూమ్ డ్యాన్సు నేర్పించేవాడు. ఈ రెండు ముఖాలూ ఒకే అధ్యాయంలో పక్కపక్కన రావాలి. నువ్వు ఒకటి రెండో అధ్యాయంలో, రెండోది ఆరో అధ్యాయంలో వేశావు. దాంతో మనిషి ముక్కలైపోయాడు.

ఆధారాలు ఎలా వెతకాలో చెబుతాను. జనాభా లెక్కల మీద ఆశ పెట్టుకుంటే ఇరుక్కుంటావు. 1921 లెక్కలు 2022లో బయటికొచ్చాయి కానీ అప్పటికి హెరాల్డ్ బడిపిల్లవాడు. ఇంగ్లండ్, వేల్స్ 1931 కాగితాలు 1942లో అగ్నిప్రమాదంలో కాలిపోయాయి. 1941లో యుద్ధం వల్ల లెక్కలే తీయలేదు. మధ్యలో మనకున్నది 1939 సెప్టెంబరు 29 నాటి రిజిస్టరు ఒక్కటే. గుర్తింపు కార్డుల కోసం ఇంటింటికీ తిరిగి రాసుకున్నది. వృత్తి, పుట్టిన తేదీ ఉంటాయి. అందులో గృహిణుల పేర్లకు ఎదురుగా సాధారణంగా ‘జీతం లేని ఇంటిపని’ అని ఉంటుంది. అది చూసి తల్లి దగ్గర ఆగిపోకు. ఆ గడిలో పట్టనిదే నువ్వు రాయాల్సింది.

ఇంతకంటే పనికొచ్చే దారి పిల్లల జనన ధ్రువపత్రాలు. నలుగురివీ పూర్తి పత్రాలు తెప్పించు. చిన్న పత్రంలో తల్లిదండ్రుల వివరాలుండవు, డబ్బు వృథా. పూర్తి పత్రంలో తండ్రి వృత్తికి ఒక గడి ఉంటుంది, కాన్పు నమోదు చేయించినవారి చిరునామా ఉంటుంది. 1931, 1934, 1940, 1943: నాలుగు తేదీల్లో ఆయన ఏ పనిలో ఉన్నాడో ప్రభుత్వ కాగితమే చెబుతుంది. 1911 సెప్టెంబరు త్రైమాసికం నుంచి జనన నమోదుల సూచికలో తల్లి పుట్టింటిపేరు కూడా ఉంటుంది. హ్యారిసన్ ఇంటిపేరు లివర్‌పూల్‌లో కోకొల్లలు కాబట్టి పక్కన ‘ఫ్రెంచ్’ పెట్టి వెతుకు.

కాగితానికీ జ్ఞాపకానికీ తేడా వస్తే రెండూ రాయి. జార్జ్ పుట్టిన తేదీ పత్రం ప్రకారం 1943 ఫిబ్రవరి 25. పెద్దయ్యాక ఆయనే, కాదు 24 రాత్రి, అర్ధరాత్రికి కొన్ని నిమిషాల ముందు అన్నాడు. పుట్టినరోజు విషయంలోనే ఇలా ఉంటే, 1960లలో పేరొచ్చాక విలేకరులకు తల్లిదండ్రులు గుర్తు చేసుకున్న 1936 నాటి సంగతులు ఎంత జాగ్రత్తగా వాడాలో నువ్వే ఆలోచించు. అంకెలు చాలావరకు నమ్ము, డబ్బు లేని రోజుల అంకెలు మనిషి మరిచిపోడు. మనోభావాలు మాత్రం ‘తర్వాత అలా చెప్పారు’ అనే రాయి.

లివర్‌పూల్‌లోనే స్పీక్ పేటలోని అప్టన్ గ్రీన్ ఇంటికి మారింది 1950 మొదట్లో. మునిసిపల్ ఇంటి కోసం ఏళ్ల తరబడి జాబితాలో పేరు పెట్టుకుని ఎదురుచూశాక దొరికింది. లోపలే స్నానాలగది. ఇక్కడ ఎక్కువ ఆగనక్కర్లేదు, జింకు తొట్టి గురించి నువ్వు సరిగ్గా రాసి ఉంటే ఒక్క పేరా చాలు.

ఇక తండ్రీకొడుకుల గొడవ. నీ ఏడో అధ్యాయంలో హెరాల్డ్ కొడుకు కలకు అడ్డుపడే తండ్రి. సాక్ష్యం ఏమంటోందో చూడు. పెద్దకొడుకు మెకానిక్. రెండోవాడు కార్ల బాడీ పని, వెల్డింగు. మూడోవాడు ఎలక్ట్రీషియన్ అయితే ముగ్గురూ కలిసి సొంత గ్యారేజీ పెట్టుకోవచ్చని ఆయన లెక్క. అందుకే క్రిస్మస్‌కి జార్జ్‌కి ఎలక్ట్రీషియన్లు వాడే స్క్రూడ్రైవర్ల సెట్టు కొనిచ్చాడు. కుర్రాడు బ్లాక్లర్స్ అనే పెద్ద దుకాణంలో అప్రెంటిస్ ఎలక్ట్రీషియన్‌గా చేరాడు కూడా. 15 నెలలు పని లేకుండా గడిపిన తండ్రికి, చేతిపని ఉన్న ముగ్గురు కొడుకులంటే ఏమిటో 1936 అధ్యాయం చదివిన పాఠకుడికి చెప్పాలా? ఆ అధ్యాయం చిన్నదైపోయింది కాబట్టే ఇక్కడ ఆయన విలన్ అయ్యాడు.

పైగా ఇదే తండ్రి, ఓడలో తనతో పనిచేసిన పాత స్నేహితుడికి ఫోన్ చేసి కొడుక్కి గిటారు నేర్పమన్నాడు. ఆ స్నేహితుడిది మద్యం దుకాణం. గురువారం దుకాణం మూసే పూట రెండు మూడు గంటలు కూర్చోబెట్టి గిటారు కార్డ్స్ (కొన్ని తీగలు కలిపి పలికించే స్వరాలు) నేర్పించేవాడు. 1959 జనవరి 1న గార్‌స్టన్‌లోని విల్సన్ హాల్లో స్పీక్ బస్ డిపో క్లబ్బు వేడుకలో జార్జ్ ఉన్న కుర్రాళ్ల బృందానికి అవకాశం ఇప్పించిందీ హెరాల్డే. వాళ్లు మధ్య విరామంలో తాగి రెండో విడత పాడు చేశారు. ఆ రాత్రితో డ్రమ్మరు బృందం వదిలేశాడు. ఈ సంఘటనని అందరూ కుర్రాళ్ల వైపు నుంచే చెబుతారు. నువ్వు హాల్లో కూర్చున్న డ్రైవర్లు, కండక్టర్లు, వాళ్ల భార్యల వైపు నుంచి చెప్పు. మర్నాటి నుంచి వాళ్లతోనే ఆయన డ్యూటీ.

కొడుకు ప్రపంచ ప్రసిద్ధుడయ్యాక కూడా ఆయన 1965 దాకా బస్సు నడిపాడు. అప్పటికి వారానికి జీతం పది పౌండ్ల పైచిలుకు. దాన్ని వినయానికి గుర్తుగా పొగడకు. 1938 నుంచి డ్రైవరు, యూనియన్ మనిషి, క్లబ్బు మనిషి. ఆ లెక్కలన్నీ ముందే చూపించి ఉంటే జీతం అంకె ఒక్కటి చాలు.

తర్వాతి విడతలో 1936–37 అధ్యాయం ఒక్కటే పంపు. గిటారు పేజీన్నర తీసేసి, అద్దె, బొగ్గు, తిండి వారం లెక్క పెట్టు. జనన పత్రాలకు ఈలోపే దరఖాస్తు పెట్టెయ్. లూయీజ్ పేరు ప్రతి పేజీలోనూ కనీసం ఒక పని చేస్తూ కనిపించాలి.

ఆశీస్సులతో,
మీ అన్నయ్య