గిట్ క్లోన్ చేస్తే ఒక్క బ్రాంచే వస్తుందా?

లేదు. గిట్ (కోడ్‌లో మార్పుల చరిత్రను దాచిపెట్టే సాఫ్ట్‌వేర్)లో మామూలుగా క్లోన్ చేస్తే, అంటే సర్వర్‌లోని ప్రాజెక్ట్‌ని కాపీ చేసుకుంటే, బ్రాంచ్‌లన్నీ (ఒకే ప్రాజెక్ట్‌లో విడివిడిగా సాగే పనులు) పాత కమిట్‌లతో (సేవ్ చేసిన మార్పులతో) సహా మీ కంప్యూటర్‌లోకి వచ్చేస్తాయి. కాకపోతే గిట్ డిఫాల్ట్ బ్రాంచ్‌కి (ఎక్కువగా అది మెయిన్) మాత్రమే లోకల్ బ్రాంచ్ తయారుచేసి, దాని ఫైళ్లను ఫోల్డర్‌లో పెడుతుంది. మిగతావి పేరు ముందు 'ఆరిజిన్/' (క్లోన్ చేసిన సర్వర్‌కి గిట్ పెట్టే పేరు) తగిలించుకుని లోపలే ఉంటాయి. అందుకే 'గిట్ బ్రాంచ్' అని కొడితే ఒక్కటే కనిపిస్తుంది. 'గిట్ బ్రాంచ్ -ఏ' అంటే అన్నీ బయటపడతాయి.

సర్వర్‌లో డెవ్ అనే బ్రాంచ్ ఉందనుకోండి. 'గిట్ స్విచ్ డెవ్' కొడితే చాలు, ఆరిజిన్/డెవ్ నుంచి లోకల్ బ్రాంచ్ తయారవుతుంది, ఆ క్షణానికి నెట్ లేకపోయినా సరే.

బ్రాంచ్ రాలేదని టెన్షన్ పడి చాలామంది ఇంకో ఫోల్డర్‌లో మళ్లీ క్లోన్ చేస్తుంటారు. ఆ అవసరమే లేదు. 'డెప్త్ 1' పెట్టి క్లోన్ చేస్తే మాత్రం నిజంగానే ఒక్క బ్రాంచే, అదీ చివరి కమిట్ మటుకే వస్తుంది.